తలుపు కబ్జా, స్క్రూ, గోడ ప్లగ్: ఏ పనికి ఏది కొనాలి?

పార్వతీపురం: రంజాన్ దగ్గరపడుతోందంటే ఇంటికి రంగులు వేయించడం, వదులైన గడియలు బిగించడం, కొత్త పర్దాలు కట్టడం చాలా కుటుంబాల్లో ఏటా ఉండే పనే. వానాకాలం వచ్చిందంటే బిగుసుకుపోయిన తలుపుల గొడవ మొదలవుతుంది. ఇంట్లో కుర్రాడి చేతిలో డబ్బులు పెట్టి "నాలుగు కబ్జాలు, ఒక డజను స్క్రూలు, గిట్టీలు తీసుకురా" అని పంపుతారు. ఏ సైజు కావాలని దుకాణంలో అడిగితే "మామూలువే ఇవ్వండి భాయ్" అనేస్తాడు.

ఆ 'మామూలు' సామాను ఒక గోడలో పదేళ్లు నిలుస్తుంది. ఇంకో గోడలో ఆరు నెలలకే ఊడొస్తుంది. ఊడింది పర్దా రాడ్ అయితే నష్టం లేదు. పుస్తకాల షెల్ఫో, గీజరో, బీరువానో అయితే, దాని కింద పిల్లలు పడుకుని ఉంటే, అది చిన్న విషయం కాదు. అందుకే కొనేముందు మూడు ప్రశ్నలు వేసుకోవాలి. బరువు ఎంత? వెనక ఉన్నది ఏ గోడ, లేదా ఏ చెక్క? అక్కడ తడి తగులుతుందా? ఈ మూడింటికీ జవాబు తెలిస్తే సైజు దానంతట అదే తేలుతుంది. స్క్రూ ఎంత లావైనా, దాన్ని పట్టుకునేది వెనక ఉన్న ఇటుకో చెక్కో కదా.

ముందు గోడ ఏదో తెలుసుకోవాలి

పార్వతీపురం, సాలూరు, పాలకొండ లాంటి ఊళ్లలో ఒకే వీధిలో నాలుగైదు రకాల గోడలు కనిపిస్తాయి. పాత పెంకుటిళ్లకు మట్టిగోడలో, సున్నంతో కట్టిన రాతిగోడలో ఉంటాయి. తర్వాత కట్టినవాటికి ఎర్ర ఇటుక. ఈ మధ్య కట్టినవాటికి బూడిద ఇటుక, అంటే ఫ్లై యాష్ ఇటుక, లేదా సిమెంటు దిమ్మెలు. స్తంభాలు, బీములు, శ్లాబు మాత్రం ఇనుప కడ్డీలు వేసిన కాంక్రీటు. రాష్ట్రంలో కట్టిన టిడ్కో ఇళ్లలో షీర్‌వాల్ పద్ధతి వాడారు. అక్కడ గోడలన్నీ కాంక్రీటే, ఇటుక ఉండదు.

రంగు వేసేశాక అన్ని గోడలూ ఒకేలా కనిపిస్తాయి. తేడా చెప్పేది డ్రిల్లు నుంచి రాలే పొడి. మొదటి అర అంగుళం వరకు ఎక్కడైనా బూడిద రంగు పొడే వస్తుంది, అది ప్లాస్టరింగ్. లోపలి గోడలకు ప్లాస్టరింగ్ మందం సాధారణంగా 12 నుంచి 15 మిల్లీమీటర్లు. ఆ తర్వాత ఎర్ర పొడి వస్తే ఎర్ర ఇటుక. బూడిద రంగు పొడి కొంచెం కొంచెంగా వస్తూ డ్రిల్లు నెమ్మదిగా దిగితే కాంక్రీటు. తెల్లటి మెత్తటి పొడి గుప్పున వస్తే అది ఏఏసీ దిమ్మె, అంటే గాలి బుడగలు ఉండే తేలిక దిమ్మె. ఉన్నట్టుండి డ్రిల్లు ఖాళీలోకి దూసుకుపోతే లోపల బోలుగా ఉన్న దిమ్మె. ఇసుక పొడిపొడిగా రాలుతూ రంధ్రం పెద్దదైపోతుంటే రెండు ఇటుకల మధ్య అతుకులో పడ్డట్టు. అక్కడ ఎంత లావు ప్లగ్ కొట్టినా నిలవదు. ఒకటిన్నర అంగుళం పక్కకో పైకో జరిగి ఇటుక మధ్యలో వేయాలి.

కిటికీ, గుమ్మం పైభాగంలో లింటెల్ ఉంటుంది, అది కాంక్రీటు. పర్దా రాడ్ బిగించేటప్పుడు డ్రిల్లు దిగడం లేదని చాలామంది విసుక్కునేది ఇక్కడే. బిట్ మొండిదైందని అనుకుంటారు. హేమర్ డ్రిల్లు, మంచి కాంక్రీటు బిట్ ఉంటే దిగుతుంది. మధ్యలో కడ్డీ తగిలి ఆగిపోతే బలవంతం చేయకుండా అంగుళం పక్కన కొత్త రంధ్రం వేయాలి.

రావల్ ప్లగ్ చేసే పని

స్క్రూను నేరుగా ఇటుకలోకి తిప్పితే పట్టదు. అందుకే రంధ్రంలో ప్లాస్టిక్ ప్లగ్ పెడతారు. స్క్రూ లోపలికి వెళ్లే కొద్దీ ప్లగ్ ఉబ్బి రంధ్రం గోడలను అన్ని వైపులా నొక్కుతుంది. ఆ రాపిడే బరువును మోస్తుంది. మన దుకాణాల్లో 'రావల్ ప్లగ్' అనే మాట జాన్ జోసెఫ్ రావ్లింగ్స్ అనే ఆయన పేరు నుంచి వచ్చింది. దాదాపు 1911 ప్రాంతంలో లండన్‌లోని బ్రిటిష్ మ్యూజియంలో గోడలు పెద్దగా చెడకుండా అమరికలు బిగించాల్సి వచ్చినప్పుడు ఆయన నారతో చేసిన ప్లగ్ వాడారు. ఇప్పుడు మనం వాడే నైలాన్ ప్లగ్‌ను 1958లో జర్మనీకి చెందిన ఆర్టర్ ఫిషర్ తయారుచేశారు. అంతకుముందు మన మేస్త్రీలు చేసింది కూడా ఇంచుమించు ఇదే. గోడలో చెక్క ముక్క దిగ్గొట్టి అందులో మేకు కొట్టేవారు. చెక్క ఎండి కుంచించుకుపోతే మేకు వదులయ్యేది. నైలాన్‌కు ఆ సమస్య లేదు.

సైజులు గుర్తుంచుకోవడం తేలికే. 6 మిల్లీమీటర్ల ప్లగ్‌కు 6 మిల్లీమీటర్ల బిట్, 8 నంబరు స్క్రూ. 8 మిల్లీమీటర్ల ప్లగ్‌కు 8 మిల్లీమీటర్ల బిట్, 10 లేదా 12 నంబరు స్క్రూ. 10 మిల్లీమీటర్ల ప్లగ్‌కు ఇంకా లావు స్క్రూలో, హుక్కులో వాడతారు. సాధారణంగా 6 ప్లగ్ పొడవు 30 మిల్లీమీటర్లు, 8 ప్లగ్ 40, 10 ప్లగ్ 50 ఉంటాయి. ఫొటో ఫ్రేములు, గోడ గడియారం, తాళాల స్టాండుకు 6 చాలు. షెల్ఫు బ్రాకెట్లకు, బరువైన పర్దాలకు 8 తీసుకోవాలి.

రంధ్రం లోతు ప్లగ్ కంటే 10 మిల్లీమీటర్లు ఎక్కువ ఉండాలి. బిట్ మీద ఆ లోతు దగ్గర ఇన్సులేషన్ టేపు చుట్టుకుంటే సరిగ్గా అక్కడ ఆపేయవచ్చు. తర్వాత లోపలి పొడిని ఊది తీసేయాలి. ఇది చేయనివాళ్లే ఎక్కువ. పొడి ఉంటే ప్లగ్ ఆ పొడి మీద జారుతుంది, గోడను పట్టదు. ఊదేటప్పుడు కళ్లు పక్కకు తిప్పుకోవాలి, లేదా పాత సైకిల్ పంపు వాడాలి.

ప్లగ్ వేలితో ఈజీగా లోపలికి పోతే రంధ్రం పెద్దదైనట్టు. సుత్తితో రెండు మూడు చిన్న దెబ్బలకు దిగాలి. ప్లగ్‌లో ఎక్కువ భాగం ఇటుకలో ఉండాలి. ప్లాస్టరింగ్‌లోనే ఉండిపోతే బరువు పడగానే పెచ్చుతో సహా ఊడొస్తుంది. స్క్రూ పొడవు లెక్క ఇలా: బ్రాకెట్ మందం, ప్లాస్టరింగ్ మందం, ప్లగ్ పొడవు, పైన ఇంకో 5 మిల్లీమీటర్లు. 8 ప్లగ్‌ను ప్లాస్టరింగ్ దాటించి ఇటుకలోకి దించితే 3, 12, 40, 5 కలిపి 60. అంటే దాదాపు రెండున్నర అంగుళాల స్క్రూ కావాలి. ఒకటిన్నర అంగుళం స్క్రూ ఇచ్చి సరిపోతుందంటే నమ్మకూడదు.

బోలు దిమ్మెలు, ఏఏసీ దిమ్మెల్లో డ్రిల్లుకు ఉండే హేమర్ మోడ్ ఆపేసి తిప్పుడు మీదే రంధ్రం వేయాలి. హేమర్ మోడ్‌లో లోపలి పలుచటి గోడ పగిలిపోతుంది. వీటికి వేరే ప్లగ్‌లు ఉంటాయి. మామూలు ప్లగ్ కంటే పొడవుగా, రెక్కలతోనో మరలతోనో ఉంటాయి. ఏ దిమ్మె అన్నది చెప్పి అడిగి తీసుకోవాలి.

కాంక్రీటుకు యాంకర్, మట్టిగోడకు వేరే దారి

ఇనుప యాంకర్ బోల్టు బిగిస్తే లోపల విప్పుకుని కాంక్రీటును గట్టిగా నొక్కుతుంది. కాంక్రీటులో దీనికి మించింది లేదు. కానీ అదే బోల్టును ఇటుకలో, అందులోనూ ఇటుక అంచు దగ్గర బిగిస్తే ఇటుక చీలుతుంది. బిగించే కొద్దీ గట్టిపడాల్సింది పోయి వదులుగా తిరుగుతుంటే లోపల ఇటుక పగిలిందని అర్థం. స్తంభంలో వేసినా అంచుకు మూడు నాలుగు అంగుళాలు దూరంగా ఉండాలి.

సీలింగుకు వేలాడేవి ఫ్యాను, ఉయ్యాల. వీటికి ప్లాస్టిక్ ప్లగ్ అసలు వాడకూడదు. బరువు నేరుగా కిందికి లాగుతుంటే ప్లగ్ కొద్దికొద్దిగా జారుతుంది. ఫ్యాను అయితే కదలిక కూడా తోడవుతుంది. శ్లాబు వేసేటప్పుడే కడ్డీకి కట్టిన హుక్కు ఉంటే దానికే తగిలించాలి. లేకపోతే ఎలక్ట్రీషియన్ చేత ఇనుప యాంకర్లతో ఫ్యాను క్లాంపు వేయించాలి. పసిపిల్లల ఉయ్యాలకూ అంతే.

గుమ్మలక్ష్మీపురం, కురుపాం వైపు ఏజెన్సీ గ్రామాల్లో, పట్టణంలోని పాత ఇళ్లలో మట్టిగోడలు ఇంకా ఉన్నాయి. మట్టిగోడకు ఏ ప్లగ్ పనికిరాదు. అది ఉబ్బితే మట్టి నలిగి పక్కకు జరుగుతుందే తప్ప పట్టుకోదు. బరువైనది ఏదైనా దూలానికో చెక్క స్తంభానికో బిగించాలి. అది కుదరకపోతే గోడకు అటూ ఇటూ చెక్క పట్టీలు పెట్టి ఆరపార బోల్టు వేయాలి. అంతకంటే సులువు, నేల మీద నిలబడే స్టాండు కొనుక్కోవడం.

బరువు ఒక్కటే కాదు, లాగుడు కూడా

షెల్ఫు మీద 20 కిలోలు పెడితే గోడ మీద పడేది 20 కిలోలే అనుకుంటారు. కిందికి పడే బరువు అంతే. కానీ షెల్ఫు ముందుకు వంగాలని చూస్తుంది కాబట్టి బ్రాకెట్ పై స్క్రూలను గోడలోంచి బయటికి లాగే బలం కూడా ఉంటుంది. 10 అంగుళాల వెడల్పు పలక మీద బరువు మధ్యలో ఉంటే అది గోడకు 5 అంగుళాల దూరం. గోడకు ఆనే బ్రాకెట్ కాలు 8 అంగుళాలు ఉంటే పై స్క్రూల మీద లాగుడు పన్నెండున్నర కిలోలు. అదే కాలు 4 అంగుళాలే అయితే 25 కిలోలు. అంటే బ్రాకెట్ కాలు సగానికి తగ్గితే లాగుడు రెట్టింపు.

అందుకే ఎల్ ఆకారం బ్రాకెట్‌లో రెండు కాళ్లు సమానంగా లేకపోతే పొడవైన కాలు గోడకు, పొట్టిది పలకకు రావాలి. చాలా ఇళ్లలో ఇది తిరగేసి ఉంటుంది. పుస్తకాలు గోడ వైపుకు జరిపి పెట్టుకోవడం, బ్రాకెట్‌ల మధ్య దూరం రెండు అడుగులకు మించకుండా చూడటం కూడా ముఖ్యమే.

స్క్రూల్లో నంబరు, పొడవు, లోహం

దుకాణంలో '35-8' అంటే పొడవు 35 మిల్లీమీటర్లు, లావు 8 నంబరు. నంబరు పెరిగే కొద్దీ లావు పెరుగుతుంది. 6 నంబరు 3.5 మిల్లీమీటర్లు, 8 నంబరు 4.2, 10 నంబరు 4.8. తలుపు కబ్జాలకు 8 లేదా 10, అల్మారా కబ్జాలకు 6, కిటికీ గడియలకు 6 లేదా 8 సరిపోతాయి. కబ్జా రంధ్రంలో స్క్రూ తల పూర్తిగా మునిగి సమానంగా కూర్చోవాలి. తల పైకి ఉబ్బి ఉంటే తలుపు మూసినప్పుడల్లా రెండు రెక్కల మధ్య నలుగుతుంది, కబ్జా వంగుతుంది.

లోహం ఎంపిక తడిని బట్టి ఉంటుంది. పడకగది తలుపుకు జింక్ పూత ఉన్న ఇనుప స్క్రూ చాలు. బాత్‌రూమ్, వుజూ చేసే చోటు, వాన జల్లు తగిలే కిటికీలకు స్టెయిన్‌లెస్ స్టీలు కావాలి. దాంట్లోనూ 304 రకం తుప్పును బాగా తట్టుకుంటుంది, 202 రకం చవక. అయస్కాంతం పెట్టి చూస్తే ఈ రెండింటికీ తేడా తెలియదు, కాబట్టి పెట్టె మీద రాసింది చూసి, బిల్లు మీద రాయించుకుని తీసుకోవాలి. ఇత్తడి కబ్జాకు ఇత్తడి స్క్రూ, స్టీలు కబ్జాకు స్టీలు స్క్రూ వాడాలి. ఇత్తడి కబ్జాకు ఇనుప స్క్రూ వేసి తడి తగలనిస్తే ఇనుము ఇంకా త్వరగా తుప్పు పడుతుంది. కబ్జా మెరుస్తూనే ఉంటుంది, లోపల స్క్రూ తినేసి ఉంటుంది.

నల్లగా సన్నగా ఉండే జిప్సం బోర్డు స్క్రూలు ఇప్పుడు ప్రతిచోటా దొరుకుతున్నాయి, డ్రిల్లుతో చకచకా దిగుతాయి. వీటిని తలుపు కబ్జాలకు వాడకూడదు. అవి పెళుసు. తలుపు బరువుకు వంగకుండా పుటుక్కున తెగుతాయి.

ఇంకో అలవాటు మానుకోవాలి. స్క్రూను ముప్పాతిక వరకు సుత్తితో కొట్టి చివరి రెండు చుట్లు మాత్రం తిప్పడం. పని త్వరగా అవుతుంది, నిజమే. కానీ మరలు పట్టుకోవాల్సిన చెక్క పీచు చిరిగిపోతుంది. అప్పుడది స్క్రూ కాదు, ఖరీదైన మేకు. ముందు సన్న బిట్‌తో దారి రంధ్రం వేయాలి. 8 నంబరు స్క్రూకు మెత్తటి చెక్కలో రెండున్నర మిల్లీమీటర్లు, గట్టి చెక్కలో 3 మిల్లీమీటర్లు. ఈ కొండ ప్రాంతంలో గుగ్గిలం కలప వాడిన పాత ద్వారబంధాలు ఉంటాయి. అది చాలా గట్టి చెక్క, దారి రంధ్రం లేకుండా తిప్పితే స్క్రూ తల తెగుతుంది, లేదా చెక్క చీలుతుంది. స్క్రూ మరలకు కొవ్వొత్తి మైనం రుద్దితే సులువుగా దిగుతుంది. సబ్బు రుద్దితే అది తేమను పీల్చి తుప్పు తెస్తుంది. ఇత్తడి స్క్రూ మెత్తన, అందుకే అదే సైజు ఇనుప స్క్రూను ముందు ఒకసారి దింపి తీసి, ఆ దారిలో ఇత్తడిది వేస్తారు.

తలుపు కబ్జాలు

తెలుగులో బందు, మన ఇళ్లలో కబ్జా. భూకబ్జా వార్తల్లో వినిపించే మాటే ఇది. 'పట్టు' అని అర్థం. తలుపును ద్వారబంధానికి పట్టి ఉంచేది కాబట్టి ఆ పేరు.

రెండు రెక్కల మామూలు కబ్జాను దుకాణాల్లో బట్ హింజ్ అంటారు. ఉక్కు కబ్జాలకు ఐఎస్ 1341, ఇత్తడి, అల్యూమినియం లాంటి ఇతర లోహాలవాటికి ఐఎస్ 205 అనే భారతీయ ప్రమాణాలు ఉన్నాయి. కొనేటప్పుడు రెక్క మందం చూడాలి. రెండు రెక్కలు విప్పి మూసి చూస్తే మధ్య పుల్ల లటలటలాడకూడదు. లోపలి తలుపులకు 4 అంగుళాలవి మూడు, వీధి తలుపుకు 5 అంగుళాలవి మూడు లేదా నాలుగు, కిటికీ రెక్కలకు 3 అంగుళాలవి రెండు సరిపోతాయి. 7 అడుగుల తలుపుకు రెండే కబ్జాలు వేసి డబ్బు మిగిల్చుకోవడం తర్వాత ఖర్చే.

ఆరున్నర అడుగుల ఎత్తు, మూడు అడుగుల వెడల్పు, 35 మిల్లీమీటర్ల మందం ఉన్న గట్టి టేకు తలుపు బరువు 40 కిలోలు దాకా ఉంటుంది. గుగ్గిలం అయితే 50 దాటుతుంది. పై కబ్జాకు, కింది కబ్జాకు మధ్య 5 అడుగులు ఉంటే, 40 కిలోల తలుపు పై కబ్జాను ద్వారబంధం నుంచి 12 కిలోల బలంతో ఎప్పుడూ లాగుతూనే ఉంటుంది. 20 కిలోల పిల్లాడు గడియ పట్టుకుని తలుపు మీద ఊగాడంటే ఇంకో 12 కిలోలు, మొత్తం 24. పిల్లలున్న ఇంట్లో పై కబ్జా ముందుగా వదులయ్యేది అందుకే. పై అంచు నుంచి 6, 7 అంగుళాల కింద ఒకటి, కింది అంచు నుంచి 9, 10 అంగుళాల పైన ఒకటి, మధ్యలో ఒకటి వేస్తారు. నాలుగోది వేస్తే పై కబ్జాకు దగ్గరగా, దాని కిందనే వేయాలి. లాగుడంతా అక్కడే కదా.

కబ్జా రెక్క మందం ఎంతో అంత లోతు మాత్రమే ఉలితో చెక్కాలి. ఎక్కువ చెక్కితే తలుపు సరిగా మూసుకోక వెనక్కి తన్నుతుంది. తలుపుకు, ద్వారబంధానికి మధ్య చుట్టూ రెండు మూడు మిల్లీమీటర్ల సందు ఉండాలి.

వానాకాలంలో బిగుసుకున్న తలుపు

జూలై, ఆగస్టుల్లో తలుపు పట్టేయగానే వడ్రంగిని పిలిచి చిత్రిక పట్టించేస్తారు. డిసెంబరు వచ్చేసరికి చెక్క ఎండి అంత సందు కనిపిస్తుంది. చిత్రిక పట్టేముందు సందు చూడాలి. గడియ వైపు పైనుంచి కింద దాకా ఒకేలా బిగిసి ఉంటే చెక్క తేమకు ఉబ్బిందని అర్థం. చెక్క అడ్డంగా ఉబ్బుతుంది, పొడవులో దాదాపు పెరగదు. ఎండ కాసే దాకా ఓపిక పట్టి, తర్వాత అంచులకు, ముఖ్యంగా కింద, పైన కనిపించని అంచులకు రంగో వార్నిషో వేయించాలి. నీరు పీల్చేది అక్కడే.

అలా కాకుండా గడియ వైపు కింది మూల నేలకు రాసుకుంటూ, కబ్జా వైపు పైన మాత్రం సందు వెడల్పుగా ఉంటే పై కబ్జా వదులైంది. దీనికి చిత్రిక మందు కాదు. తలుపు కింద చీలిక చెక్క పెట్టి ఎత్తి, స్క్రూలు తీసి చూడాలి. రంధ్రం లూజైతే అగ్గిపుల్లలు కుక్కడం నాలుగు రోజుల ముచ్చట. రంధ్రాన్ని 8 మిల్లీమీటర్లకు పెద్దది చేసి, ఫెవికాల్ పూసిన గట్టి చెక్క పుల్లను దిగ్గొట్టి, ఒక రాత్రి ఆరనిచ్చి, అందులో కొత్తగా దారి రంధ్రం వేసి స్క్రూ బిగిస్తే పాత బలం తిరిగి వస్తుంది. చెక్క లోతు ఉంటే కొంచెం పొడవు స్క్రూ వేసినా చాలు.

అల్మారా, వంటగది, బాత్‌రూమ్

ప్లైవుడ్ అల్మారాలకు ఇప్పుడు లోపల దాగే ఆటో కబ్జాలు వాడుతున్నారు. వీటి గిన్నె భాగం 35 మిల్లీమీటర్ల గుండ్రటి గుంతలో కూర్చుంటుంది. తలుపు పక్క పలకను పూర్తిగా కప్పితే 0 క్రాంక్, రెండు తలుపులు ఒకే పలకను సగం సగం పంచుకుంటే 8 క్రాంక్, తలుపు లోపలికి కూర్చుంటే 15 లేదా 16 క్రాంక్ అడగాలి. తప్పు క్రాంక్ తెస్తే ఎంత తిప్పినా తలుపు మూతపడదు. దుకాణానికి వెళ్లేముందు పాత కబ్జాను విప్పి జేబులో వేసుకెళ్లడం మేలు.

పార్టికల్ బోర్డు అల్మారాల్లో స్క్రూ పట్టు తక్కువ, తడి తగిలితే ఉబ్బి మొత్తం వదిలేస్తుంది. వంటగది సింకు కింద, బాత్‌రూమ్ పక్కన పార్టికల్ బోర్డు వద్దు. బాత్‌రూమ్ పీవీసీ తలుపులు బోలుగా ఉంటాయి. లోపల ఇనుప లేదా చెక్క పట్టీ ఉన్న చోటే కబ్జా బిగించాలి.

కొన్ని పనులు విడిగా

ఖురాన్ షరీఫ్ పెట్టే షెల్ఫును ఎత్తులో పెడతారు. తరచూ ఆ గోడ కిందే పరుపు ఉంటుంది. ఖురాన్, తఫ్సీర్ సంపుటాలు, రెహాల్ కలిస్తే బరువు తక్కువేం కాదు. 8 ప్లగ్‌లు, పొడవు కాలు బ్రాకెట్‌లు వాడి, బిగించాక చేత్తో బలంగా కిందికి నొక్కి చూసి అప్పుడు పెట్టాలి.

పర్దా రాడ్‌కు బరువు కంటే పిల్లలు పట్టుకుని లాగడమే సమస్య. అయిదు అడుగులు దాటితే మధ్యలో మూడో బ్రాకెట్ వేయాలి.

గీజర్ విషయంలో 15 లీటర్లంటే నీళ్లే 15 కిలోలు, దానికి గీజర్ సొంత బరువు అదనం. నాలుగున్నర అంగుళాల అడ్డుగోడ మీద ప్లాస్టిక్ ప్లగ్‌లతో వేలాడదీయకూడదు. తొమ్మిది అంగుళాల గోడ మీద వేయించాలి, లేదంటే ఆరపార బోల్టు వేసి అవతల పట్టీ పెట్టించాలి.

బీరువా, సొరుగుల అల్మారా తలుపులన్నీ ఒకేసారి తెరిస్తే బరువు ముందుకు వస్తుంది. పిల్లాడు కింది సొరుగు మీద కాలేసి ఎక్కితే మీద పడుతుంది. 2016 జూన్‌లో ఐకియా సంస్థ అమెరికాలో దాదాపు 2 కోట్ల 90 లక్షల సొరుగుల అల్మారాలను వెనక్కి పిలిచింది. గోడకు బిగించని అల్మారాలు మీద పడి పసిపిల్లలు చనిపోవడమే కారణం. పైభాగంలో రెండు ఎల్ క్లాంపులు, నాలుగు స్క్రూలు వేస్తే ఆ ప్రమాదం తప్పుతుంది. ఇంటి పనులన్నింటిలో ఖర్చు తక్కువ, అవసరం ఎక్కువ ఉన్నది ఇదే. అద్దె ఇల్లయితే యజమానిని అడిగి బిగించాలి, ఖాళీ చేసేటప్పుడు రంధ్రాలు పుట్టీతో పూడ్చి ఇవ్వాలి. అదీ అమానతే.

కిటికీ కొక్కేలు కూడా చూసుకోవాలి. 2014 అక్టోబరు 12న విశాఖ దగ్గర తీరం దాటిన హుద్‌హుద్ తుఫాను ఉత్తరాంధ్రకు గుర్తుండే ఉంటుంది. గాలికి కిటికీ రెక్క కొట్టుకోవడం మొదలైతే ఒక్క రాత్రిలో కబ్జా ఊడుతుంది. అక్టోబరుకు ముందే కొక్కేలు, గడియలు బిగించుకోవాలి.

డ్రిల్లు పట్టేముందు

స్విచ్ బోర్డుకు సరిగ్గా పైన, కింద, నిలువు గీతలో వైర్లు ఉంటాయి. కుళాయి పైన, పక్కన పైపులు ఉంటాయి. అక్కడ రంధ్రం వేయొద్దు. ఆ గది ఎంసీబీ ఆపేసి, డ్రిల్లుకు వేరే గది నుంచి కరెంటు తీసుకోవాలి. కళ్లద్దాలు పెట్టుకోవాలి, చున్నీ, వదులు చేతులు డ్రిల్లుకు దూరంగా ఉంచాలి. ఫ్యాను, గీజర్, ఉయ్యాల పనులు తెలిసిన పనివాళ్లకే ఇవ్వాలి. చేసేటప్పుడు ఇంట్లో వాళ్లు పక్కన నిలబడి పొడి రంగు చూడాలి, ఏ ప్లగ్ వేస్తున్నారో అడగాలి. అడిగితే మంచి మేస్త్రీ ఏమీ అనుకోడు.

దుకాణానికి వెళ్లేటప్పుడు చీటీ మీద రాసుకోవాల్సినవి ఇవే: ఏ గోడ లేదా ఏ చెక్క, బిగించే వస్తువు బరువు, బ్రాకెట్ లేదా కబ్జా రంధ్రం సైజు, తడి ఉందా లేదా. పాత స్క్రూ ఒకటి, పాత కబ్జా ఒకటి చేతిలో ఉంటే ఇంకా మంచిది.

ముందు ఒంటెను కట్టు, ఆ తర్వాత అల్లాహ్ మీద భరోసా ఉంచు అన్న బోధ ముస్లిం ఇళ్లలో తెలియనివారు ఉండరు. పిల్లలు నిద్రపోయే గదిలో గోడకున్న ప్రతి షెల్ఫునూ ఈ వారం ఒకసారి చేత్తో కదిపి చూస్తే చాలు. కదిలిందంటే కింద పరుపు ముందు పక్కకు జరపాలి, స్క్రూ సంగతి ఆ తర్వాత చూసుకోవచ్చు.